పాలు విరగని సముద్రం

1896లో బోస్టన్‌లో అచ్చయిన ఫ్యానీ ఫార్మర్ వంటల పుస్తకం అమెరికా ఇళ్లకు కొలత కప్పుల్ని, కొలత చెంచాల్ని అలవాటు చేసింది. అందులో క్లామ్ చౌడర్, అంటే క్లామ్ అనే చిప్పజీవితో కాచే చారు, చేసే విధానం ఉంది. నాలుగు కప్పుల కాగిన పాలు, నాలుగు కప్పుల బంగాళాదుంప ముక్కలు, ఉప్పులో ఊరిన చిన్న పంది కొవ్వు ముక్క, ఒక ఉల్లిపాయ, ఎనిమిది గట్టి బిస్కెట్లు, కాస్త వెన్న, క్లామ్‌లు. అన్నీ మామూలు దినుసులే. కానీ క్లామ్‌ల నుంచి దిగిన నీటిని ఆమె మొదట్లోనే పాలలో పోయనివ్వదు. దాన్ని విడిగా పెట్టి, మరిగించి, వెన్నా పిండీ కలిపి చిక్కబరిచి, వడ్డించే ముందు మాత్రమే కలపమంటుంది. కారణం కూడా చెబుతుంది: ఆ నీటికి పాలను విరగ్గొట్టే గుణం ఉంది.

ఈ అధ్యాయమంతా ఆ హెచ్చరిక గురించే. చౌడర్ రుచిలో సింహభాగం క్లామ్ నీటిదే. ఆ నీళ్లే పాలకు గిట్టవు. రుచి కావాలంటే నీళ్లు పోయక తప్పదు, గిన్నెలో నున్నదనం నిలవాలంటే పాలు విరగకూడదు. ఈ రెండింటికీ పొత్తు కుదర్చడమే న్యూ ఇంగ్లండ్ వంటింటి పనితనం. బిస్కెట్ పొడి, బంగాళాదుంప, పిండి, మీగడ, ఏది ఎప్పుడు వేయాలన్న వరస, ఇవన్నీ ఆ పొత్తు కోసమే పనిచేస్తాయి. వంటవాళ్లు ఈ సంగతి చేతి అనుభవంతో కనుక్కున్నారు. పాలలోని ప్రొటీన్ల లోపలి కట్టడం శాస్త్రవేత్తలకు అంతుపట్టింది ఆ తర్వాత చాలా కాలానికి.

ఓడ బిస్కెట్ నుంచి పాల దాకా

అమెరికా ఈశాన్య మూలన మేన్ నుంచి కనెక్టికట్ దాకా ఉన్న ఆరు రాష్ట్రాలను కలిపి న్యూ ఇంగ్లండ్ అంటారు. చల్లటి అట్లాంటిక్ తీరం, చేపల వేట, తిమింగలాల వేట అక్కడి పాత బతుకుతెరువులు. చౌడర్ పుట్టింది ఆ బతుకులోంచే. 1751 సెప్టెంబరు 23న బోస్టన్ ఈవినింగ్ పోస్ట్ పత్రికలో పద్యరూపంలో ఒక చౌడర్ విధానం వచ్చింది. అమెరికాలో అచ్చయిన తొలి చౌడర్ విధానంగా దాన్నే చెబుతారు. అందులో ఉల్లి ఉంది, పంది మాంసం ఉంది, చేప ఉంది, ఓడ బిస్కెట్ ఉంది. పాల చుక్క లేదు, బంగాళాదుంప కూడా లేదు. ఓడల మీద నెలల తరబడి నిలవుండే సరుకు ఇంకేముంటుంది? పిండీ నీళ్లూ కలిపి రాయిలా కాల్చిన బిస్కెట్, ఉప్పు పట్టించిన మాంసం. అప్పటికప్పుడు సముద్రం నుంచి తీసింది చేప ఒక్కటే.

నూరేళ్ల తర్వాత, 1851లో, హెర్మన్ మెల్విల్ ‘మోబీ డిక్’ నవలలో ఏకంగా ఒక అధ్యాయానికి చౌడర్ అని పేరు పెట్టాడు. నాన్‌టకెట్ దీవిలోని పూటకూళ్లింట్లో కథానాయకుడికీ అతని స్నేహితుడికీ వేడివేడిగా క్లామ్ చౌడర్ వడ్డిస్తారు. అందులో చిన్న క్లామ్‌లు, దంచిన ఓడ బిస్కెట్, పంది మాంసం తునకలు, వెన్న, మిరియాలు, ఉప్పు ఉన్నాయి. ఆ వర్ణనలోనూ పాల ఊసు లేదు. పాలు ఈ వంటలో స్థిరపడింది పందొమ్మిదో శతాబ్దం ద్వితీయార్ధంలో. అంటే పిండిపదార్థం ముందు వచ్చింది, పాలు తర్వాత వచ్చాయి. నాకు ఇది చాలా ముఖ్యమైన సంగతిగా కనిపిస్తుంది. పాలు వచ్చి చేరేసరికి వాటిని కాపాడే పదార్థం కుండలో ముందే సిద్ధంగా ఉంది. బిస్కెట్ బదులు బంగాళాదుంప, దానికి తోడు మైదా వచ్చినా ఆ కాపలా మాత్రం మారలేదు.

న్యూయార్క్ వైపు పాలకు బదులు టమాటా వేసి ఎర్రగా చేస్తారు, దాన్ని మన్‌హట్టన్ చౌడర్ అంటారు. రోడ్ ఐలండ్‌లో పాలూ టమాటా రెండూ లేని తేట చారు ఇష్టం. టమాటా వేయడం మీద ఉత్తరాది వాళ్లకు ఎంత కోపమంటే, 1939లో మేన్ శాసనసభలో ఒక సభ్యుడు చౌడర్‌లో టమాటా వేయడాన్ని నిషేధించాలని బిల్లే పెట్టాడు. పంతం సంగతి అలా ఉంచితే, పాలు పోసే చౌడర్ వరకు రసాయనశాస్త్రం మటుకు ఆయన పక్షానే ఉంది. టమాటా పులుపూ పాలూ కలిసి మరిగితే ఏమవుతుందో మనకు తెలియనిది కాదు.

ఇసుకలో కూర్చుని రుచి కూడబెట్టే ప్రాణి

క్లామ్ అంటే రెండు చిప్పల మధ్య బతికే మెత్తటి ప్రాణి. ఆల్చిప్పల జాతికి చెందుతుంది. చౌడర్‌కు పేరున్న రకం కోహాగ్ అనే గట్టి చిప్ప క్లామ్. దాని చిప్ప లోపలి అంచున ఊదారంగు మచ్చ ఉంటుంది. ఆ ఊదా భాగాన్ని అరగదీసి అక్కడి ఆదివాసులు పూసలు చేసేవాళ్లు. పదిహేడో శతాబ్దంలో ఇంగ్లండ్ నుంచి వచ్చిన వలసదారులు కూడా ఆ పూసలను డబ్బుగా వాడారు. 1758లో ప్రకృతి శాస్త్రవేత్త లిన్నేయస్ ఈ ప్రాణికి కూలి డబ్బు అనే అర్థం వచ్చే లాటిన్ మాటతో ‘మెర్సెనారియా’ అని పేరు పెట్టడానికి కారణం అదే.

కోహాగ్‌ను బజారులో సైజును బట్టి అమ్ముతారు. అన్నిటికన్నా చిన్నవి లిటిల్‌నెక్, తర్వాతివి చెర్రీస్టోన్, బాగా పెద్దవాటిని చౌడర్ క్లామ్ అనే అంటారు. చిన్నవి లేతగా ఉంటాయి కాబట్టి పచ్చివే తింటారు, ధర కూడా వాటికే ఎక్కువ. పెద్దవి ముదురు, నమలడం కష్టం. కానీ వాటి నీళ్లు చిక్కటి రుచినిస్తాయి. డబ్బాల్లో దొరికే ముక్కలు ఎక్కువగా వేరే జాతులవి, సర్ఫ్ క్లామ్, ఓషన్ కోహాగ్ లాంటివి. ఈ ఓషన్ కోహాగ్ ఆయుష్షు తెలిస్తే ఆశ్చర్యం వేస్తుంది. 2006లో ఐస్‌లాండ్ దగ్గర సముద్రంలోంచి తీసిన ఒకదాని చిప్ప మీది పెరుగుదల గీతలు లెక్కపెడితే 507 ఏళ్లు తేలాయి. అంటే 1499లో, శ్రీకృష్ణదేవరాయలు పట్టానికి రావడానికి పదేళ్ల ముందు పుట్టిందన్నమాట.

క్లామ్ పెద్దగా కదలదు, వేటాడదు. ఇసుకలో పూడుకుపోయి ఒక గొట్టంతో నీటిని లోపలికి పీల్చి, మొప్పలతో అందులోని సూక్ష్మమైన నాచును వడగట్టుకుని, ఇంకో గొట్టంతో నీటిని బయటికి వదులుతుంది. దాని ఒంటికి సముద్రం ఒక సమస్య తెచ్చిపెడుతుంది. లీటరు సముద్రపు నీటిలో దాదాపు 35 గ్రాముల ఉప్పు ఉంటుంది. కణాల లోపల అంత గాఢత లేకపోతే ఒంట్లోని నీరు బయటికి లాగుకుపోతుంది. అలాగని ఉప్పునే కణాల్లో నింపుకుంటే లోపలి ఎంజైములు పనిచేయవు. అందుకని క్లామ్ తన కణాల్లో గ్లైసిన్, అలనిన్, టారిన్, గ్లుటామేట్ లాంటి చిన్న అణువులను నింపుకుని బయటి ఉప్పుకు సరితూగుతుంది. గ్లైసిన్, అలనిన్ నాలుకకు తియ్యగా తగులుతాయి. గ్లుటామేట్ సంగతి వేరే చెప్పాలా? 1908లో జపాన్ శాస్త్రవేత్త ఇకెడా సముద్రపు నాచు చారులో కనిపెట్టిన ఉమామి రుచి దానిదే. అంటే క్లామ్ రుచి దాని ప్రాణరక్షణ ఏర్పాటులో ఒక భాగం. నీరు ఎంత ఉప్పగా ఉంటే కణాల్లో ఈ అణువులు అంత ఎక్కువ. నది కలిసేచోట పెరిగినవాటికంటే ఉప్పు ఎక్కువున్న నీటిలోవి రుచిగా ఉండటానికి కారణం ఇదే.

వాసన కథ ఇంకా బాగుంటుంది. క్లామ్ తినే నాచు తన ఉప్పు సమస్య కోసం గంధకం ఉన్న ఒక పదార్థాన్ని తయారుచేసుకుంటుంది. అది క్లామ్ ఒంట్లో పేరుకుంటుంది. వేడి తగిలితే విడిపోయి డైమిథైల్ సల్ఫైడ్ అనే వాయువు వస్తుంది. ఉడికిన క్లామ్ గిన్నె మూత తీయగానే ముక్కుకు తగిలే సముద్రపు వాసనలో ముఖ్యభాగం అదే. ఇదే వాయువు కాచిన పాల వాసనలోనూ ఉంటుంది, ఉడికిన మొక్కజొన్న వాసనలోనూ ఉంటుంది. పాలూ క్లామ్‌లూ కలిపితే వింతగా ఉంటుందేమోనని చేపలూ పాలూ కలవకూడదని విన్న మనకు అనిపిస్తుంది. కానీ వాసనల లెక్కలో అవి రెండూ చుట్టాలు. చిక్కంతా ప్రొటీన్ల దగ్గరే వస్తుంది.

తీసుకొచ్చాక, వండేముందు

క్లామ్‌లు వంటింటికి ప్రాణంతోనే రావాలి. చిప్ప పగిలినదాన్ని తీసేయాలి. కాస్త నోరు తెరిచి ఉన్నదాన్ని వేలితో తడితే మూసుకోవాలి, మూసుకోకపోతే అదీ పారేయాలి. ఫ్రిజ్‌లో తడిగుడ్డ కింద ఉంచాలి. మంచినీళ్లలో నానబెట్టకూడదు, ఉప్పు లేని నీరు వాటిని చంపేస్తుంది. ఇసుక కక్కించాలంటే లీటరు నీటికి 30 నుంచి 35 గ్రాముల ఉప్పు కలిపి, అంటే సముద్రమంత ఉప్పగా చేసి, అందులో కొన్ని గంటలు ఉంచాలి. కోహాగ్ తన చిప్పలు పూర్తిగా బిగించుకోగలదు కాబట్టి దానిలో ఇసుక తక్కువే. మెత్తటి చిప్ప క్లామ్ నోరు ఎప్పుడూ కాస్త తెరిచే ఉంటుంది, దాన్ని బాగా శుభ్రం చేయాల్సిందే.

ఒక ప్రమాదం గురించి గట్టిగా చెప్పాలి. కొన్ని కాలాల్లో సముద్రంలో అలెగ్జాండ్రియం అనే సూక్ష్మజీవి విపరీతంగా పెరుగుతుంది. దాన్ని తిన్న క్లామ్‌లో శాక్సిటాక్సిన్ అనే నాడీవిషం చేరుతుంది. క్లామ్‌కు ఏమీ కాదు, తిన్న మనిషికి పక్షవాతంలా వచ్చి ఊపిరి ఆగే ప్రమాదం ఉంది. ఎంత ఉడికించినా ఆ విషం పోదు. రంగు చూసి, వాసన చూసి పసిగట్టడమూ కుదరదు. 1972లో, మళ్లీ 2005లో న్యూ ఇంగ్లండ్ తీరంలో ఇది పెద్దఎత్తున వచ్చి క్లామ్ తీయడాన్ని ఆపేశారు. అందుకే అక్కడి రాష్ట్రాలు నీటినీ చిప్పలనూ పరీక్షిస్తూ తీరాలను మూస్తూ తెరుస్తూ ఉంటాయి. సరదాకి ఒడ్డున తవ్వి తెచ్చుకునే అలవాటున్నవాళ్లు ఆ రోజు ఆ తీరం తెరిచి ఉందో లేదో చూసుకోకుండా చెయ్యి పెట్టకూడదు.

మన తీరంలోనూ క్లామ్‌లకు కొదవ లేదు. కాకినాడ అఖాతంలో అవి విరివిగా దొరుకుతాయి. కానీ మన దగ్గర వాటి చిప్పకున్న గిరాకీ మాంసానికి లేదు. చిప్పలను కాల్చి గుల్లసున్నం చేయడం పాత పరిశ్రమ. అక్కడ దొరికే వాటిలో ఒక రకానికి రక్తంలో హిమోగ్లోబిన్ ఉంటుంది, కోస్తే ఎర్రగా కారుతుంది. తెల్లటి చౌడర్‌కు అది నప్పదు. నున్నటి చిప్పల మెరెట్రిక్స్ రకం అయితే కోహాగ్‌కు దగ్గరి చుట్టమే, బాగా పనికొస్తుంది. బోస్టన్‌లోనో న్యూజెర్సీలోనో ఉంటున్నవాళ్లకు ఈ వెతుకులాట అక్కర్లేదు, చేపల దుకాణంలో అడిగితే చాలు.

చిప్ప ఎందుకు తెరుచుకుంటుంది

ఆరుగురికి చౌడర్ చేయాలంటే చెర్రీస్టోన్ సైజు క్లామ్‌లు చిప్పలతో సహా మూడు కిలోలు కావాలి. పెద్ద గిన్నెలో 700 మిల్లీలీటర్ల నీళ్లు మరిగించి, కడిగిన క్లామ్‌లు వేసి మూతపెట్టాలి. ఐదు నిమిషాలకు ఒకసారి పైవి కిందికి, కిందవి పైకి కలపాలి. ఇంకో రెండు మూడు నిమిషాల్లో ఒక్కొక్కటే నోరు తెరుస్తాయి.

ఇక్కడ ఒక్క క్షణం ఆగి ఆ చిప్పను దగ్గరగా చూడటం మంచిది. రెండు చిప్పలూ కలిసే చోట నల్లటి రబ్బరులాంటి బంధనం ఉంటుంది. అది ఎప్పుడూ చిప్పలను తెరవాలనే నెడుతుంటుంది. దానికి ఎదురుగా రెండు కండరాలు చిప్పలను లోపలి నుంచి పట్టి మూసి ఉంచుతాయి. ఆ కండరాల్లో ఒక భాగం చటుక్కున మూయడానికి, ఇంకో భాగం మూసింది మూసినట్టు పట్టి ఉంచడానికి. పట్టి ఉంచే భాగం చాలా కొద్దిపాటి శక్తితోనే గంటలు, రోజులు బిగుసుకుని ఉండగలదు. మన చెయ్యి పిడికిలి బిగించి పది నిమిషాలుంటే నొప్పి పెడుతుంది, క్లామ్‌కు ఆ బాధ లేదు. వేడి తగిలితే కండరంలోని ప్రొటీన్లు ఆకారం చెడి చిప్పను పట్టు వదులుతాయి. నెడుతూ కాచుకుని ఉన్న బంధనానికి అడ్డు తొలగిపోతుంది. క్లామ్ నోరు తెరవడంలో దాని ప్రమేయం ఏమీ లేదు. తెరిచిన చిప్ప లోపల కండరం అంటుకున్న చోట రెండు నున్నటి గుర్తులు వేలికి తగులుతాయి.

తెరుచుకున్నాక కూడా మూడు నుంచి ఐదు నిమిషాలు ఉడకనివ్వాలని అమెరికా ఆహార, ఔషధ సంస్థ సలహా. బాక్టీరియా, వైరస్‌ల దృష్ట్యా అది పాటించదగిన మాట. కానీ అంతకుమించి కాగితే కండరపు పోగులు దగ్గరికి లాక్కుని నీటిని పిండేస్తాయి, మాంసం రబ్బరులా సాగుతుంది. అందుకని క్లామ్‌లను వెంటనే బయటికి తీసి, చల్లారాక మాంసాన్ని చిన్న ముక్కలుగా తరిగి పక్కన పెట్టాలి. ఈ ముక్కలు మళ్లీ కుండలోకి వచ్చేది చిట్టచివర. ముదురు క్లామ్‌కు చాలాసేపు ఉడికించడం వైద్యం కాదు, సన్నగా తరగడమే వైద్యం. పొడవాటి పోగు కత్తికి తెగిపోతే పళ్లకు పని తగ్గుతుంది.

గిన్నె అడుగున ఇప్పుడు లీటరుకు పైగా బూడిదరంగు నీళ్లు మిగిలి ఉంటాయి. చూడ్డానికి పారబోసేవాటిలా ఉంటాయి. పలచటి గుడ్డలో వడగట్టి దాచాలి, అడుగున తేరిన ఇసుకను మాత్రం వదిలేయాలి. కణాలు పగిలి బయటికొచ్చిన గ్లైసిన్, గ్లుటామేట్, కూడబెట్టుకున్న ఉప్పు, ఆ సముద్రపు వాసన, అన్నీ ఇందులోనే ఉన్నాయి. మాంసం ముక్కల కంటే ఇదే విలువైనది. చౌడర్‌లో విడిగా ఉప్పు వేయాలన్న ఆలోచన వడ్డించేముందు రుచి చూసేవరకు రాకూడదు.

పాలు ఎందుకు విరుగుతాయి

ఫ్యానీ ఫార్మర్ భయపడిన చోటికి వచ్చాం. పాలలో కేసిన్ అనే ప్రొటీన్ విడి అణువులుగా ఉండదు. వేల అణువులు కాల్షియం ఫాస్ఫేట్ సాయంతో ముద్దకట్టి కంటికి కనిపించనంత చిన్న బంతులుగా తేలుతుంటాయి. ప్రతి బంతి పైనా కప్పా కేసిన్ అనే రకం నూగులా లేచి ఉంటుంది. ఆ నూగుకు రుణ విద్యుదావేశం ఉంటుంది. రెండు బంతులు దగ్గరికొస్తే ఒకదాన్నొకటి నెట్టుకుంటాయి. పాలు తెల్లగా, నున్నగా, విడిపోకుండా ఉండేది ఈ నెట్టుకోవడం వల్లే.

పులుపు పడితే ఆ ఆవేశం తగ్గుతుంది. మామూలు పాల పీహెచ్ 6.7 దగ్గర ఉంటుంది. అది 4.6కు దిగితే ఆవేశం పూర్తిగా రద్దయి బంతులన్నీ గడ్డకడతాయి. పెరుగు తోడుకునేది అందుకే. కానీ పొయ్యి మీద అంతదాకా దిగనక్కర్లేదు. వేడి ఎక్కువగా ఉంటే కొద్దిపాటి పులుపుకే విరుగుతాయి. ఉప్పు ఆ నెట్టుకునే శక్తిని మరుగుపరుస్తుంది. కాల్షియం లవణాలు ఇంకా చెరుపు చేస్తాయి, బంతుల మధ్య వంతెనలు కడతాయి.

క్లామ్ నీళ్లలో ఇవన్నీ ఉన్నాయి. సముద్రపు నీటి నుంచి వచ్చిన ఉప్పు, కాల్షియం, మెగ్నీషియం ఒక ఎత్తు. ఇంకో మూలం ఉంది, అది క్లామ్ సొంతం. నీటిలోంచి తీశాక క్లామ్ చిప్పలు బిగించుకుని గాలి లేకుండా బతుకుతుంది. ఆక్సిజన్ లేని ఆ బతుకులో సక్సినిక్ ఆమ్లం లాంటి ఆమ్లాలు ఒంట్లో పేరుకుంటాయి. అవి ప్రాణం మీదికి తేకుండా క్లామ్ తన చిప్ప లోపలి పొరను కొద్దికొద్దిగా కరిగించుకుంటుంది. సున్నపురాయి పదార్థం ఆమ్లాన్ని విరుగుడు చేస్తుంది, దాంతోపాటు కాల్షియం ఒంట్లోని ద్రవంలో చేరుతుంది. సంత నుంచి మన గిన్నె దాకా బతికుండటానికి క్లామ్ చేసిన ఏర్పాటు తాలూకు ఆమ్లమూ కాల్షియమూ కూడా ఆ బూడిదరంగు నీళ్లలోకి దిగుతాయి. అదే సక్సినిక్ ఆమ్లం చిప్పజీవుల రుచికి ఒక ప్రత్యేకతను ఇస్తుందన్నది కూడా నిజమే. రుచినిచ్చేదీ పాలు విరగ్గొట్టేదీ విడదీయరాకుండా ఒకే నీటిలో ఉన్నాయి.

దీనికి విరుగుడు తెలుగింటికి కొత్తదేమీ కాదు. మజ్జిగ పులుసు కాచేటప్పుడు శనగపిండో బియ్యప్పిండో కలపకపోతే ఏమవుతుందో వంట వచ్చిన ప్రతివాళ్లకూ తెలుసు. పిండి కలిపితే మజ్జిగ అంత పులుపులోనూ మరుగును తట్టుకుంటుంది. చౌడర్‌లో జరిగేదీ అదే. వేడికి పిండి రేణువులు నీళ్లు పీల్చి ఉబ్బుతాయి, వాటిలోంచి పొడవాటి అమైలోజ్ పోగులు ద్రవంలోకి జారతాయి. ద్రవం చిక్కబడి కేసిన్ బంతుల కదలిక మందగిస్తుంది, ఉబ్బిన రేణువులు మధ్యలో అడ్డుపడతాయి. ఒకదాన్నొకటి చేరుకోలేని బంతులు గడ్డకట్టలేవు.

రెండో విరుగుడు మీగడ. అమెరికాలో హెవీ క్రీమ్ అనేదానిలో కనీసం 36 శాతం కొవ్వు ఉంటుంది. అందులో కేసిన్ తక్కువ, కొవ్వు బిందువులు ఎక్కువ, ఉన్న కేసిన్ కూడా చాలావరకు ఆ బిందువుల మీదే అతుక్కుని ఉంటుంది. అందుకని హెవీ క్రీమ్ మరిగినా విరగదు. 3 శాతం పైచిలుకు కొవ్వున్న మామూలు పాలు తేలిగ్గా విరుగుతాయి. మన దుకాణాల్లో పెట్టెల్లో దొరికే ఫ్రెష్ క్రీమ్‌లో కొవ్వు సుమారు 25 శాతం, అది మధ్యస్థం. మరగనివ్వకుండా వాడుకుంటే చాలు.

మీగడ ఒక్కటే పోస్తే పని సులువవుతుంది కదా అనిపించవచ్చు. నేను ఒప్పుకోను. అంత కొవ్వు నాలుక మీద పరుచుకుని క్లామ్ రుచిని కప్పేస్తుంది. సగం పాలు, సగం మీగడ, వాటిని పట్టి ఉంచడానికి కాస్త పిండి, ఇదే సరైన పాళ్లు. అలాగే గరిటె నిలబడేంత చిక్కగా చేసి పెట్టే హోటళ్ల పద్ధతి కూడా నాకు నచ్చదు. పిండి ఎక్కువయ్యేకొద్దీ ఉప్పూ వాసనా నాలుకకూ ముక్కుకూ చేరడం తగ్గుతుంది. చౌడర్ చెంచా వెనక పలచగా అంటుకోవాలి, అంతే.

కుండలో వరస

మందమైన కుండలో వంద గ్రాముల బేకన్ ముక్కలు సన్నటి సెగ మీద వేయాలి. పాత పద్ధతి ప్రకారం పొగబెట్టని, ఉప్పులో ఊరిన పంది కొవ్వు వాడతారు. బేకన్ పొగ వాసన క్లామ్‌ను మింగేస్తుందన్న మాటలో నిజం ఉంది, అందుకే తక్కువే వేయాలి. సెగ ఎక్కువైతే కొవ్వు కరిగేలోపే పైభాగం మాడుతుంది. పంది మాంసం తినని ఇంట్లో వెన్న చాలు, వంట చెడదు.

కొవ్వు దిగాక పెద్ద ఉల్లిపాయ ముక్కలు వేసి మెత్తబడేదాకా మగ్గనివ్వాలి. ఎర్రబడనివ్వకూడదు. మన కూరల్లో ఎర్రగా వేగిన ఉల్లికి ఉన్న స్థానం ఇక్కడ లేదు, ఆ వేపుడు వాసన, రంగు ఈ తెల్లటి వంటకు పడవు. ఇప్పుడు రెండు పెద్ద చెంచాల మైదా వేసి ఒక నిమిషం వేయించాలి. కొవ్వు ప్రతి పిండి రేణువు చుట్టూ పట్టి వాటిని విడివిడిగా ఉంచుతుంది. పొడి పిండిని నేరుగా వేడి నీళ్లలో వేస్తే ముద్ద పైభాగం క్షణంలో జిగురై లోపలికి నీరు వెళ్లనివ్వదు, కట్టిన ఉండ ఎంత కలిపినా విడదు.

వడగట్టిన క్లామ్ నీళ్లను కొద్దికొద్దిగా పోస్తూ కలపాలి. ఇక్కడ మనం ఫ్యానీ ఫార్మర్ వరసను తిప్పి రాస్తున్నాం. ఆమె పిండి పట్టిన క్లామ్ నీళ్లను చివర పాలలో కలిపింది, మనం పాలను చివర పిండి పట్టిన క్లామ్ నీళ్లలో కలుపుతాం. పిండి ముందే ఉబ్బి సిద్ధంగా ఉండటమే అసలు సంగతి, ఆ షరతు రెండు దారుల్లోనూ నెరవేరుతుంది. మన దారిలో ఇంకో లాభం కూడా ఉంది: బంగాళాదుంప క్లామ్ నీళ్లలోనే ఉడికి ఆ రుచిని పీల్చుకుంటుంది.

బంగాళాదుంపలు ఏడు వందల గ్రాములు, రెండు సెంటీమీటర్ల లోపు ముక్కలు. ఒక బే ఆకు, కాస్త థైమ్. మన బిర్యానీ ఆకు వేరే చెట్టుది, దాల్చినచెక్క వాసన వేస్తుంది, దానికంటే ఏ ఆకూ వేయకపోవడం మేలు. దుంపల్లో రెండు తీరులున్నాయి. పిండి ఎక్కువున్న రకం ఉడికితే కణాలు విడిపోయి పొడిపొడిగా రాలుతుంది. పిండి తక్కువున్న, పలచటి తోలు రకం ముక్క విరగకుండా నిలుస్తుంది. చౌడర్‌కు రెండో రకమే ఎక్కువమంది వాడతారు. నా మాట వింటే రెండూ కలపండి. రాలిపోయేది చారును చిక్కబరచి మైదా అవసరం తగ్గిస్తుంది, నిలిచేది పంటికి తగులుతుంది. పది పన్నెండు నిమిషాల్లో కత్తి మొన తేలిగ్గా దిగితే ఉడికినట్టే.

ఇప్పుడు సెగ బాగా తగ్గించాలి. పాలూ మీగడా కలిపి 250 మిల్లీలీటర్లు విడిగా వేడిచేసి ఉంచుకుని, ముందు ఒక గరిటెడు చౌడర్ వాటిలో కలిపి, ఆ తర్వాత కుండలో పోయాలి. చల్లటి పాలు ఒక్కసారిగా మరుగుతున్న ఉప్పునీటిలో పడితే, పడిన చోట పిండి కలిసేలోపే గడ్డలు కట్టే వీలుంది. తరిగిన క్లామ్ ముక్కలు వేసి, అంచున చిన్న బుడగలు కనిపించే వేడిలో రెండు మూడు నిమిషాలు. తెర్లనివ్వకూడదు. మిరియాల పొడి, పార్స్లీ. రుచి చూసి అప్పుడు ఉప్పు సంగతి తేల్చుకోవాలి, చాలాసార్లు అక్కర్లేదు. అక్కడివాళ్లు పైన ఆయిస్టర్ క్రాకర్లని చిన్న గుండ్రటి బిస్కెట్లు చల్లుకుంటారు. అవి ఓడ బిస్కెట్ మనవలే.

తాజా క్లామ్‌లు దొరకనివాళ్లు డబ్బాల్లోవి వాడినా తప్పులేదు. డబ్బాలోని నీళ్లు పారబోయకూడదు, సీసాల్లో విడిగా అమ్మే క్లామ్ రసం తోడు చేసుకోవాలి. డబ్బా ముక్కలు అప్పటికే పూర్తిగా ఉడికినవి కాబట్టి పొయ్యి దించే ముందు వేస్తే చాలు.

మర్నాటి చౌడర్

మిగిలినదాన్ని త్వరగా చల్లార్చి ఫ్రిజ్‌లో పెడితే మర్నాటికి గట్టిపడుతుంది. పిండిలోంచి బయటికి జారిన అమైలోజ్ పోగులు చల్లదనానికి మళ్లీ ఒకదానికొకటి చేరి వలలా అల్లుకుంటాయి. చల్లారిన అన్నం గట్టిపడేది కూడా ఈ మార్పువల్లే. దుంప ముక్కల్లోకి ఉప్పూ రుచీ రాత్రంతా ఇంకుతాయి, అందుకే మర్నాడే బాగుంటుందని చాలామంది అంటారు. నేనూ ఆ పక్షమే. అయితే వేడిచేయడంలో తొందర పనికిరాదు. చిక్కగా ఉంది కదా అని నీళ్లు పోస్తే రుచి పలచబడుతుంది, పాలే పోయాలి. సన్నటి సెగ మీద అడుగంటకుండా కలుపుతూ, ఆవిరి లేచేదాకా వేడిచేసి దించాలి. క్లామ్ ముక్కలకు ఇది రెండో కాగు, కాబట్టి మరిగించే కొద్దీ గట్టిపడతాయి. చౌడర్ రెండు రోజులు ఉండాలని ముందే అనుకుంటే, క్లామ్ ముక్కలు వేయకముందే సగం చారు విడిగా తీసి, ముక్కలను వేరే గిన్నెలో ఫ్రిజ్‌లో పెట్టుకుని, తినే రోజున కలుపుకోవడం మంచి పద్ధతి.